నాన్న రెండోసారి రాసుకున్న పాటలు

రైల్వే ఆఫీసులో గుమాస్తాగా రిటైరయ్యాక నాన్న ఒక పని పెట్టుకున్నారు. తాతల కాలంలో శ్రీకాకుళం వైపు నుంచి ఈ పరాయి రాష్ట్రానికి రైల్వే వర్క్‌షాపు పనికి వచ్చిన కుటుంబాలు మా పూరీ గేట్ పేటలో చాలా ఉన్నాయి. ఆ ఇళ్లలో ముసలమ్మలు పాడే లాలిపాటలు, పెళ్లిపాటలు పాత ఫారాల వెనక రాసుకొచ్చి, రెండు వేళ్లతో కంప్యూటర్‌లో కొట్టేవారు. ఒత్తు సరిగ్గా పడితే మురిసిపోయేవారు. కొట్టేశాక కాగితాలు చించేసేవారు.

ఆ కంప్యూటర్ నేనే మా ఊళ్లోని ఇందా బజారులో కొన్నాను. అన్న వరసలో మేం దాదా అని పిలిచే దుకాణం అతను సాఫ్ట్‌వేర్లన్నీ ఊరికే వేసిచ్చాడు. "లైసెన్స్ ఉన్నవే వేయండి దాదా" అన్నాను. "అసల్ నకల్ సబ్ ఏక్ హీ హై, దీదీ" అని నవ్వాడు, అసలైనా నకిలీ అయినా ఒకటేనన్నట్టు. వాటికి అడ్డొస్తోందని అతను యాంటీవైరస్ ఆపేస్తుంటే చూస్తూ నిలబడ్డాను.

ఏడాది తర్వాత ఒక పొద్దున్న నాన్న పిలిచారు.

"ఇలా రా అమ్మా. నా పాటలేటయిపోనాయి?"

ఫైళ్లున్నాయి, ఒక్కటీ తెరుచుకోవడం లేదు. డబ్బు కడితేనే తాళం తీస్తామని తెర మీద బెదిరింపు. దొంగ సాఫ్ట్‌వేర్ వెంట వచ్చిన వైరస్సేనని మా ఆఫీసులో కంప్యూటర్లు చూసే ఆవిడ తేల్చింది. మేం విడిగా కాపీ దాచుకోలేదు.

"తెలీక సేసినావు, పోనీలే" అన్నారు నాన్న. తెలిసే చేశానని ఒప్పుకోవడానికి నాకు రెండు రోజులు పట్టింది.

ఆవిడే అంతా తుడిచేసి, చట్టబద్ధంగా ఉచితంగా దొరికే సాఫ్ట్‌వేర్ వేసింది. తెలుగు కీబోర్డు కూడా అందులోనే ఉంది.

"ఇదీ ఊరికే వస్తాదా? మరి ముందే ఇదెందుకు ఎయ్యలేదు?" అన్నారు నాన్న.

ఆదివారాలు నాన్న సైకిల్ వెనక నా సైకిల్ మీద పాటలు మళ్లీ రాసుకోవడానికి ఆ ఇళ్లకు తిరిగాను. ఒక మామ్మ అప్పటికే పోయింది. ఆమె లాలిపాటలో నాన్నకు రెండు చరణాలే గుర్తొచ్చాయి. అవే కొట్టి, కింద ఖాళీ వదిలారు.

ఇంకో ఇంట్లో మాత్రం ఆడవాళ్లు నన్ను లోపలికి లాక్కెళ్లారు. వియ్యపురాలిని ఆటపట్టించే పాటలు వరసగా అందుకున్నారు.

"మీ నాన్నగారి ఎదర ఇలాటియి పాడతామేటి తల్లీ!"

ఆ సాయంత్రం నేను రాసుకొచ్చిన ఆ పాటలు చదివి చెబుతుంటే నాన్న సిగ్గుపడుతూ కొట్టారు. మధ్యలో ఒకచోట ఆగి, కళ్లజోడు తీసి, కడుపు పట్టుకుని నవ్వారు.