చిన్నాయనకు తీసిన దిష్టి

పొద్దున తుర్కయాంజాల్‌లో మా అపార్ట్‌మెంట్ మెట్లు దిగుతుంటే, ఎవరింట్లోనో దిష్టి తీసి కాల్చిన ఎండు మిరపకాయల ఘాటు గొంతుకు తగిలింది. దగ్గుతూ అక్కడే నిలబడిపోయాను.

మీ ఇళ్లలో ఆ పొగ పిల్లల కోసం లేచేది కదా? ఇబ్రహీంపట్నంలో మా ఇంట్లో మాత్రం, సినిమాల్లో చిన్న వేషాలు వేసే మా చిన్నాయన కోసం లేచేది. హీరో తండ్రి, కానిస్టేబుల్, పాలేరు... వేషం ఏదైనా హీరోకు కోపం రావాలంటే ముందు మా చిన్నాయన చావాలి. పోస్టర్ మీద మాత్రం ఎన్నడూ లేడు.

సినిమా చూసొచ్చిన నాయనమ్మ ఆయన్ను గడప ముందు కూర్చోబెట్టి, ఉప్పూ మిరపకాయలూ తల చుట్టూ తిప్పి పొయ్యిలో వేసేది.

"అమ్మా, అది సిన్మనే. నేనేడ సచ్చిన?" అని నవ్వేవాడు చిన్నాయన.

"సిన్మల సచ్చినా నా కొడుకువే గదరా. సప్పుడు చెయ్యక కూసో."

ఇంటిల్లిపాదీ దగ్గేవాళ్లం.

పోయినేడు చిన్నాయన నిజంగానే చనిపోయాడు. దవాఖాన నుంచి తెచ్చి వాకిట్లో పడుకోబెట్టారు. సినిమా వాళ్లెవరూ రాలేదు. నాయనమ్మ ఏడవలేదు. వంటింట్లోకి వెళ్లి, గుప్పిట్లో ఉప్పూ మిరపకాయలూ పట్టుకొచ్చింది.

"జర లేపి కూసోవెట్టుండ్రి" అన్నది. "దిష్టి తీస్త."