కర్రపెండలం తూచిన రోజు

నా రాత బాగుండదు. నేను చదివింది నాలుగు తరగతులు, అదీ ఉర్దూలో. తెలుగు అక్షరాలు విత్తనాల సంచుల మీద చూసి నేర్చుకున్నాను. ఒత్తులు తప్పిన చోట మీరే సరిచేసుకుని చదవండి.

1966 ఫాల్గుణంలో నేను కొత్తకోట దగ్గర వ్యవసాయ శాఖలో ఫీల్డుమన్‌ని. నా పైన ఇన్‌స్పెక్టరు. అది వానలు లేని ఏడు. జొన్న పోయింది, ఆముదం పోయింది. మెట్ట నేలల్లో కర్రపెండలం గడ్డ పండుతుందేమో చూద్దామని, అంతకుముందు తొలకరికే గోదావరి వైపు నుంచి నాటే కట్టెలు తెప్పించారు. మా వైపు ఎవరికీ ఆ పంట తెలియదు. అక్కడ ఒక ఊళ్ళో బాలమ్మ ఒక్కతే తన ఎర్రమట్టి చెల్కలో చిన్న మడి పెట్టింది. ఆమె భర్త డ్యాం మట్టిపనికి పోయాడు. ఇంట్లో ఆమె, ముసలి అత్త, ఇద్దరు పిల్లలు.

పంట కోత ప్రయోగమంటే చేనంతా కోయడం కాదు. కాగితంలో ఇచ్చిన అంకె ప్రకారం నైరుతి మూల నుంచి అన్ని అడుగులు నడవాలి. ఆగిన చోట మేకు కొట్టి, తాడుతో చదరం కట్టి, అందులోదంతా తవ్వి తూచాలి. ఆ నేలకు ఆ పంట పనికొస్తుందో లేదో పైవాళ్ళు దాన్నిబట్టే తేలుస్తారు.

ఆ పగలు ఇప్పటికీ నాకు కలలాగే ఉంటుంది. చుట్టూ చేలన్నీ ఎర్రగా ఎండిపోయి, ఆ మడి ఒక్కటే పచ్చగా ఉంది. వేళ్ళు చాపిన అరచేతుల్లాంటి ఆకులు. వాటి మధ్య అడుగులు లెక్కపెడుతుంటే నీళ్ళలో నడుస్తున్నట్టు అనిపించింది.

మేకు మడి నడిమికి పడింది. చదరంలోకి సగం మడి వచ్చింది. బాలమ్మ వచ్చి తాడు పట్టుకుంది.

“సారు, తవ్వితే రెండు దినాలల్ల కుళ్ళిపోతది. మన్నుల ఉంటే ఉంటది. అందరు గింజలు కుండల పోసుకుంటరు, నాకు గీ మన్నే కుండ. జ్యేష్ఠం దాంక పిల్లలకు గిదే. జర గా గట్టు దిక్కు కొట్టు మేకు.”

గట్టు వైపు ఉత్త గడ్డి. ఇన్‌స్పెక్టరు దూరంగా నీడలో ఉన్నారు. మేకు జరిపితే చూసేవాళ్ళు లేరు. కానీ జరిపిన మేకు లెక్క అబద్ధమని మాకు నేర్పారు. ఆమెకు అదే చెప్పి తవ్వాను.

కాటాలో ఏమంత బరువు రాలేదు. మనిషెత్తు చెట్లకు ఇంతేనా అని ఇన్‌స్పెక్టరు మళ్ళీ తూయించారు. బాలమ్మ నవ్వింది.

“పుష్యం సంది తింటనే ఉన్నం గద సారు. పక్కపొంటి మన్ను తీసి, లావు గడ్డ తెంపి, మల్ల కప్పిన. చెట్టుకు సుత ఎరుక లేదు.”

తిన్నది ఎక్కడ రాయాలని ఇన్‌స్పెక్టరుని అడిగాను. కాగితంలో దానికి గడి లేదన్నారు. తూచిందే రాశాం.

ఇన్‌స్పెక్టరు వెళ్ళాక నేను ఉండిపోయాను. ముక్కలు ఎండబెట్టి ఒరుగులు చేద్దామని అత్త అంది. నా చేతికి కత్తి ఇస్తూ, సర్కారోనికి తవ్వుడేనా, కోసుడు సుత వస్తదా అని అడిగింది. ముగ్గురం కోసి ఊరి పక్క నల్లబండ మీద పరిచాం. పొద్దు వాలే వేళకు బండంతా తెల్లగా, పగలే వెన్నెల పడ్డట్టు ఉంది.

ఆ పంట ఈ నేలకు పనికిరాదని రిపోర్టు వచ్చింది. మరుసటేడు కట్టెలు రాలేదు. ఆ వేసవి జ్యేష్ఠంలో నేను ఆ ఇంటికి వెళితే, పొయ్యి మీద ఒరుగుల పిండితో చిక్కటి జావలాంటి గట్క ఉడుకుతోంది.

మేకు జరపనందుకు నాకు విచారం లేదు. కాటా మాత్రం ఆ రోజు మన్నులో మిగిలిందే చెబుతుంది. ఆ తర్వాత రిటైరయ్యేదాకా, ఏ చేలో మేకు కొట్టినా ముందు ఇంటివాళ్ళు ఎంత తిన్నారో అడిగి కాగితం వెనక రాశాను. ఎవరూ రాయమనలేదు, ఎవరూ వద్దనలేదు.

ఇందులో తప్పులు చాలానే పడి ఉంటాయి. పెద్ద మనసుతో మన్నించండి.