గణపతి ముందు తిరిగిన ఫుకట్ కారు

నేను చేసిన తెలివితక్కువ పనులు చాలానే ఉన్నాయి గానీ, కాలనీ మొత్తాన్ని కుర్చీల్లో కూర్చోబెట్టి, తెర కట్టి, మైకు పెట్టి, హారతి కూడా ఇప్పించి మరీ చేసినది ఒక్కటే. ఇప్పుడు చెప్పబోయేది దాని గురించే. చదువుతూ నా మీద జాలి పడకండి. అప్పటి నేను జాలి పడదగ్గ మనిషిని కాను, పట్టుకుని రెండు తగిలించదగ్గ మనిషిని.

మాది మరాఠీవాళ్ల ఊరు నాందేడ్. మా నాన్నది, అంటే బాపుది, నిజామాబాద్ పక్క ఊరు. రైల్వే కొలువు ఆయన్ని ఇక్కడికి తెచ్చి పడేసింది. స్టేషన్‌లో బండ్ల రాకపోకలు మైకులో చెప్పడం ఆయన పని. ఏళ్ల తరబడి చెప్పి చెప్పి, ఇంట్లో ఉప్పు అయిపోయిన సంగతి కూడా ప్లాట్‌ఫారం మొత్తానికీ వినిపించేలా చెప్పేవాడు. నేనేమో డిగ్రీ పూర్తి చేసి, కొలువు దొరక్క, కంప్యూటర్ ముందు కూర్చుని కుర్చీ అరగదీస్తున్న రోజులవి.

అయితే నాకొక గొప్ప విద్య వచ్చని నా నమ్మకం. పైసా పెట్టకుండా కొత్త కంప్యూటర్ ఆటలు ఆడటం! ఉచితంగా దొరికే దాన్ని మా ఊళ్లో ఫుకట్ అంటారు. నేను ఫుకట్ పండితుణ్ణి. దొంగ కాపీల జోలికి పోయేవాణ్ణి కాదు, అది నాకు నామోషీ. కంపెనీవాడు తనంతట తాను రుచి చూడమని పెట్టేది తినడమే నా పద్ధతి. పెళ్లిళ్లలో వరసగా పాయసం రుచి చూస్తూ కడుపు నింపుకునే మనుషులుంటారే, నేను ఆ జాతి.

నా చిన్నప్పుడు ఆ రుచి చూపించడంలో ఒక మర్యాద ఉండేది. కంప్యూటర్ పత్రిక కొంటే దానితో ఒక సీడీ వచ్చేది. అందులో ఆట మొత్తం ఉండదు, ఒక రోడ్డూ ఒక కారూ ఉంటాయి. కానీ దాన్ని ఎన్నిసార్లయినా ఆడుకోవచ్చు, ఎంతసేపైనా ఆపుకోవచ్చు. నీ పేరేమిటని ఎవడూ అడిగేవాడు కాదు. ఆ ఒక్క రోడ్డు మీద నేను ఎంత తిరిగానంటే, మా ఇంటి నుంచి స్టేషన్‌కు వెళ్లే దారి కన్నా దాని మలుపులే నాకు బాగా తెలుసు.

తర్వాత కంపెనీలకు బుద్ధి పెరిగింది. ఎవడి దుకాణం వాడు సొంతంగా తెరుచుకున్నాడు. దాని పేరు లాంచర్. ఆట కావాలంటే ముందు ఆ లాంచర్ దింపుకోవాలి, ఖాతా తెరవాలి, పుట్టినరోజు చెప్పాలి. పెళ్లిచూపుల్లో కూడా ఇన్ని ప్రశ్నలు వేయరు. కొన్నాళ్లు శని ఆదివారాలు ఉచితం అన్నారు. ఆ తర్వాత ట్రయల్ అన్నారు. ఆట మొత్తం నీదే, అన్ని రోడ్లూ అన్ని కార్లూ నీవే, కాకపోతే పది గంటలు మాత్రమే. నేను 'ఆట మొత్తం నీదే' అన్నంతవరకు శ్రద్ధగా చదివాను. మిగతాది చదవడం నా పాండిత్యానికి అవమానమనిపించింది.

సరిగ్గా అప్పుడే మా కాలనీ గణేశ్ మండలి సమావేశం పెట్టారు. మండలి అధ్యక్షుడు నర్సింగ్ కాక. పెద్ద బట్టల దుకాణం ఆయనది. దుకాణం పైన కొత్తగా కంప్యూటర్ క్లాసు తెరవబోతున్నాడని అందరికీ తెలుసు.

"ప్రతి సాల్ గదే లింబూ చమ్చా, గదే సంగీత్ కుర్చీ. పోరలు ఒక్కలు అస్తలేరు. ఈసారి ఏమన్న కొత్తది జెయ్యాలె," అన్నాడు కాక. చెంచాలో నిమ్మకాయ నడక, కుర్చీలాట అంటే ఆయనకు విసుగెత్తింది.

నేను లేచి నిలబడ్డాను. ఎవరూ లేవమనలేదు.

"కంప్యూటర్ల కార్ల రేసు పెడ్దాం కాకా. పెద్ద తెర మీద. నాందేడ్ల ఏ మండలోళ్లు పెట్టలే."

"ఖర్చెంతయితది?"

"ఫుకట్."

కాక ముఖం వెలిగిపోయింది. వ్యాపారి కదా, వెంటనే అనుమానం కూడా వచ్చింది. "ఆట కొనాలె గద?"

"ఎందుకు కొనుడు? కంపెనోడే ట్రయల్ ఇస్తుండు. ఆట మొత్తం ఇస్తుండు."

"ఎందుకిస్తుండు? వానికేమన్న పిచ్చి లేసిందా?"

ఆ సమావేశంలో తెలివిగల ప్రశ్న అదొక్కటే. దానికి నేను, "గవన్ని నాకు ఇడిసిపెట్టుండ్రి కాకా," అని జవాబిచ్చాను.

"సరే. ఇది మంచిగ జరిగితె నా క్లాసుల నిన్నే సర్‌గ పెట్టుకుంట. జరగకపోతె మీ బాపు మొఖం జూసి గూడ పెట్టుకోను. సమజైందా?"

నవ్వులాటకు చెబుతున్నాను గానీ, ఆ కొలువు మీద నాకు ప్రాణం ఉండేది. ఎవరికైనా నన్ను పరిచయం చేసేటప్పుడు బాపు "మావోడు..." అని ఆగిపోయేవాడు. తర్వాత ఏం చెప్పాలో ఆయనకు తెలిసేది కాదు. ఆ ఆగిన చోట 'కంప్యూటర్ సర్' అన్న మాట పెట్టాలని నాకు చాలా కోరికగా ఉండేది. బాపు నాకంటే తొందరపడ్డాడు. మర్నాటికల్లా స్టేషన్ మాస్టర్ నుంచి చాయ్ దుకాణం దాకా అందరికీ చెప్పేశాడు. మైకులో చెప్పలేదు, అంతవరకు నయం.

పోటీలు మొదలయ్యాయి. మండపంలో గణపతికి ఎడమ పక్కన తెర, దాని ముందు బల్ల మీద నా కంప్యూటర్. నా దాంట్లో ఆట తెరుచుకోవడానికి సగం చాయ్ తాగినంత సేపు పట్టేది. తెరుచుకోగానే ఒక ఎర్ర కారు వేదిక మీద మెరుస్తూ మెల్లగా గుండ్రంగా తిరుగుతూ ఉంటుంది. రెండు రేసులు కాగానే హారతి వేళయింది. నేను ఆట మూసేయబోతే నర్సింగ్ కాక చేయి పట్టుకున్నాడు.

"ఏం జేస్తున్నవ్ రా? దేవుని ముంగట నల్ల తెర పెడ్తవా? మంచిగ కాదు. గా కారును ఉండనియ్. సూడ ముచ్చటగున్నది."

నిజమే, ముచ్చటగానే ఉంది. ఇటు గణపతి, అటు ఎర్ర కారు, మధ్యలో కర్పూరం. హారతి పళ్లెం కారుకు కూడా చూపించారు. ఎవరో కంప్యూటర్‌కు కుంకుమ బొట్టు పెట్టి, మీద మందారం పువ్వు ఉంచారు. ఒక ముసలమ్మ తెర ముందు చెంపలు వేసుకుని, "మస్తు తిరుగుతున్నది తల్లీ," అని దండం పెట్టింది. హారతి తర్వాత భజన, భజన తర్వాత ప్రసాదం. అంతసేపూ కారు తిరుగుతూనే ఉంది. ఆ మర్నాడూ అంతే, ఆ పైరోజూ అంతే.

మా కాలనీలో వర్ష అని పాలిటెక్నిక్ చదివే అమ్మాయి ఉంది. పోటీలో అందరినీ వరసపెట్టి ఓడిస్తోంది. ఆమె నా దగ్గరికి వచ్చింది.

"అన్నా, ఆడనప్పుడు ఆట మూసెయ్యరాదు? ట్రయల్ గద, గంటలు గడుస్తున్నయేమో."

"ఆడితెనే గంటలు గడుస్తయ్ చెల్లె. కారు ఊకెనే తిరిగితె ఎట్ల గడుస్తయ్? నిలబడ్డ ఆటోకు పైసలిస్తమా?"

"ఇస్తం అన్నా. వెయిటింగ్ అని అడిగి మరీ తీసుకుంటరు."

నాకు చాలా కోపం వచ్చింది. నిజం చెప్పే మనుషుల మీద అప్పట్లో నాకు ఎప్పుడూ కోపం వచ్చేది. సీడీల కాలం నుంచి ఆడుతున్న నాకు నిన్నగాక మొన్న పుట్టిన పిల్ల పాఠం చెప్పడమా! "నువ్వు నీ మలుపులు సూసుకో," అన్నాను.

ఫైనల్ రోజు వచ్చింది. వర్షకూ, కాక మేనల్లుడు పింటుకూ పోటీ. మండపం నిండిపోయింది. మైకు బాపు చేతిలో ఉంది. నా చొక్కాను అమ్మ ఇస్త్రీ చేయించింది, కొలువు ఆ సాయంత్రమే ఇస్తారన్నట్టు. ముఖ్య అతిథిగా వచ్చిన నగరసేవకుడు, అంటే మా కార్పొరేటర్, వార్డు అభివృద్ధి గురించి మాట్లాడటం మొదలుపెట్టాడు. ఆయన వెనక ఎర్ర కారు ఎక్కడికీ పోకుండా అక్కడక్కడే గుండ్రంగా తిరుగుతోంది. ప్రసంగమూ అలాగే నడిచింది. చివరికి కారే ముందు విసుగుపడుతుందేమో అనుకున్నాను.

ఎట్టకేలకు రేసు మొదలైంది. వర్ష ముందు, పింటు ఆమె వెనకే. బాపు స్టేషన్ గొంతుతో, "ఎర్ర కారు కొద్దిసేపట్లో గమ్యానికి చేరబోతున్నది," అంటున్నాడు. జనం లేచి నిలబడ్డారు. ఆఖరి మలుపు. తెర ఒక్కసారి నీలంగా మారి, కార్లు రెండూ మాయమయ్యాయి. వాటి స్థానంలో పెద్ద అక్షరాలు వచ్చాయి. మీ ఉచిత ట్రయల్ ముగిసింది, ఆట నచ్చిందా, ఇప్పుడే కొనండి.

జనం చప్పట్లు కొట్టారు. అదే ముగింపనుకున్నారు.

"నేనే గెలిచిన!" అని పింటు అరిచాడు.

"ఏంది గెలుసుడు? నీ కారు నా ఎనుకున్నది," అంది వర్ష. తర్వాత నా వైపు తిరిగి, "వెయిటింగ్ అన్నా," అంది.

"ఏమైంది రా?" కాక వచ్చి నా నెత్తిన నిలబడ్డాడు.

"ఏం గాలే కాకా. కొత్త అకౌంట్ తెరిస్తె ట్రయల్ మళ్ల మొదలైతది. ఒక్క నిమిషం." ఇది నా పాండిత్యంలో రెండో అధ్యాయం. కొత్త ఈమెయిల్, కొత్త పేరు, కొత్త పుట్టినరోజు పెట్టాను. లాంచర్ నన్ను పైకీ కిందికీ చూసి, ఈ కంప్యూటర్ మీద ట్రయల్ ఇప్పటికే వాడారని చెప్పింది.

"గుర్తువట్టిందా?" అన్నాడు కాక ఆశ్చర్యంగా.

"గుర్తువట్టింది కాకా."

కింద మరో మీట కనబడింది. చందాదారులైతే ఆట వెంటనే ఆడుకోవచ్చట. ఉచితం కాస్తా చందాగా మారిందన్నమాట. కార్డు కావాలి. బాపు కార్డు నా జేబులోనే ఉంది, పొద్దున కూరగాయలకని ఇచ్చాడు. చెమటలు కారుతుంటే నంబర్లు కొట్టాను, ఏదో ఒకటి నొక్కాను. ఓటీపీ బాపు ఫోనుకు వెళ్లింది. బాపు వేదిక మీద ఉన్నాడు.

"బాపూ! ఓటీపీ! ఓటీపీ జెప్పు!"

బాపు ఫోను తీశాడు, కళ్లద్దాలు సర్దుకున్నాడు. ఇన్నేళ్ల అలవాటు ఎక్కడికి పోతుంది, మైకు నోటి దగ్గర పెట్టుకున్నాడు. "కృపయా లక్ష ద్యావే," అని, అంటే దయచేసి వినమని, మరాఠీలో మొదలుపెట్టి అంకెలు ఒక్కొక్కటే చదివాడు. తర్వాత హిందీలో చదివాడు. తర్వాత మావాళ్ల కోసం తెలుగులో చదివాడు. దాని కింద ఉన్న 'ఈ సంఖ్యను ఎవరికీ చెప్పకండి' అన్న వాక్యాన్ని కూడా మూడు భాషల్లోనూ వదిలిపెట్టకుండా వినిపించాడు. వెంటనే మరో సందేశం వచ్చింది. దాన్నీ అదే ఊపులో అందుకున్నాడు.

"మీ ఖాతా నుంచి ఒక సంవత్సరం చందా... ఒక సంవత్సరమా? అరేయ్! నా పైసలా?"

ఈ చివరి మూడు మాటలు మాత్రం తెలుగులోనే అన్నాడు. అనువాదం అవసరం లేకుండానే అందరికీ అర్థమైంది.

పోనీ, ఆట అయినా వచ్చిందా? చందాదారుల ఆట వేరట, ఇంకా పెద్దదట. మళ్లీ మొదటి నుంచీ దింపుకోవాలి. నా మొబైల్ ఇంటర్నెట్ మీద అది ఎప్పటికి దిగుతుందో తెర మీదే రాసి ఉంది. అప్పటికి గణపతి విసర్జన, అదే నిమజ్జనం, కూడా అయిపోతుంది. నగరసేవకుడు శాలువా మడిచి చంకలో పెట్టుకుని వెళ్లిపోయాడు. నర్సింగ్ కాక ఇంట్లోంచి రెండు నిమ్మకాయలు, రెండు చెంచాలు తెప్పించాడు. వర్ష నిమ్మకాయ కదలకుండా నడిచి గెలిచింది, పింటు నిమ్మకాయ నా కాళ్ల దగ్గరికి దొర్లింది. జనం అంతగా నవ్వడం నేనెన్నడూ చూడలేదు. సిగ్గుతో చచ్చిపోవాలనిపించింది. బాపు నాతో రెండు రోజులు మాట్లాడలేదు, మైకు లేకుండా కూడా.

విసర్జన అయిన మర్నాడు నర్సింగ్ కాక కబురు పెట్టాడు. తిట్లు తినడానికి సిద్ధపడి వెళ్లాను.

"రేపటి సంది క్లాసుకు రా," అన్నాడు.

నా చెవులను నేను నమ్మలేదు. "నిజంగనా కాకా? జీతం?"

"ముందుగాల ఒక నెల ట్రయల్. మంచిగ జేస్తె అప్పుడు మాట్లాడుదాం."

ఆ నెల నేను పనిచేసినట్టు నాందేడ్‌లో ఇంకెవరూ చేసి ఉండరు. పాఠాలు చెప్పాను, వైర్లు లాగాను, గది ఊడ్చాను, బోర్డు రాయించాను. బాపు "మావోడు కంప్యూటర్ సర్," అని ఆగకుండా చెప్పుకున్నాడు. నెల కాగానే కాక నా భుజం తట్టాడు.

"మస్తు జేసినవ్ బేటా. నీ ట్రయల్ అయిపోయింది. రేపటి సంది ఇంకో పిలగాడు అస్తుండు."

"జీతం మీదనా?"

"ఎందుకు? ఒక నెల ట్రయల్."

"ఆ తర్వాత?"

"ఇంకొకడు. అకౌంట్ మారిస్తె ట్రయల్ మళ్ల మొదలైతదని నువ్వే జెప్పినవ్ గద."

"గది నడవలే గదా కాకా! కంప్యూటర్ గుర్తువట్టింది గదా!"

"కంప్యూటర్ గుర్తువడతది రా," అన్నాడు నర్సింగ్ కాక, నేను నెల రోజులు కూర్చున్న కుర్చీని తుడుస్తూ. "నా కుర్చీకి గంత తెలివి లేదు."

కాబట్టి యావన్మంది పాఠకులకు ఇందుమూలంగా తెలియజేయునదేమనగా, గోదావరిలో మునిగి, తడిబట్టలతో, ముక్కు పట్టుకుని నేనొక ప్రతిజ్ఞ చేశాను. ఇకమీదట ఈ జన్మలో, లాంచర్‌లో గానీ, మండపంలో గానీ, బట్టల దుకాణం పై అంతస్తులో గానీ, ఎవడైనా నా ముందు 'మొదటి నెల' అన్నాడంటే, రెండో నెల సంగతి తేల్చేదాకా వాడి కుర్చీలో కూర్చోను.