రెండు ఆవర్తాల నిశ్శబ్దం

పక్క ఫ్లాట్ అమ్మాయి వయొలిన్ కమానుకు రోజిన్ బంక ముక్క రుద్దుతోంది. ఆ వాసన తగలగానే నాకు చిక్కడపల్లి హాలు గుర్తొచ్చింది.

తెలంగాణ ఉద్యమం జోరుగా ఉన్న రోజులవి. నాకు తొమ్మిదేళ్లు. నారాయణగూడలో మాకు సంగీతం నేర్పే మాస్టారు శాస్త్రీయ రాగాలతో కొత్త తరహా బృందగానాలు కూర్చేవారు. ఉద్యమం కోసం కూడా ఒకటి కూర్చారు. నాలుగు వయొలిన్లు, పదిహేను మంది పిల్లలం. చిక్కడపల్లి హాల్లో పాడే రోజున అమ్మ జడ వేస్తూ, "ఎవరడిగినా మనది గుంటూరని చెప్పకే" అంది. జడ మామూలు కంటే గట్టిగా బిగించింది.

హాలు నిండా అశోక్‌నగర్ హాస్టళ్లలో ఉద్యోగ పరీక్షలకు చదివే అన్నలు. జ్వరం వల్ల నేను చివరి రిహార్సల్‌కు వెళ్లలేదు. పాట మధ్యలో మాస్టారు చెయ్యెత్తారు. వయొలిన్లు, పిల్లలు అందరూ ఒక్కసారే ఆగిపోయారు. నా గొంతొక్కటే కాస్త ముందుకు పోయి తెగిపోయింది. అందరూ నన్నే చూస్తున్నారు. మా ఊరు తెలిసిపోయింది, అందుకే పాట ఆపేశారనుకున్నాను. చెయ్యి మాత్రం తొడ మీద తాళం వేస్తూనే ఉంది. తాళం రెండు చుట్లు, రెండు ఆవర్తాలు తిరిగాక పాట మళ్లీ మొదలైంది.

తర్వాత తెర వెనక ఏడుస్తూ అడిగాను. "మాది గుంటూరని ఆపేశారా మాస్టారూ?"

ఆయన నా ముందు గొంతుక్కూర్చున్నారు. "కాదు బిడ్డ. మొన్న హాస్టల్ల ఉండే ఒక పిలగాడు తెలంగాణ కోసం పానం ఇడిచిండు. గా రెండు ఆవర్తాలు వానియి. నువ్వు రాని దినం పాటల గా ఆగుడు కలిపిన. నీకు చెప్పుడు మరిచిన."

ఇప్పటికీ కచేరీలో పాట ఆగితే నా చెయ్యి తాళం అందుకుంటుంది. ముందు భయమే వస్తుంది. ఆ అబ్బాయి గుర్తు రావడానికి ఇంకో ఆవర్తం పడుతుంది.