రాజుగారి బిడ్డ కాకపోతే

ఆదివారం సాయంత్రాలు జురాంగ్ ఈస్ట్‌లో ఒక పెద్దాయన ఫ్లాట్‌లో పాత కావ్యాలు చదువుకుంటాం. మలేషియాలో పుట్టిన తెలుగాయన, అక్కడివాళ్లలాగే మాట చివర 'లా' తగిలిస్తాడు. అందరం అంకుల్ అంటాం. చదివి అర్థం చెప్పే పని నాది. వారమంతా తంజోంగ్ పగార్ ఆఫీసులో ఇన్సూరెన్స్ కాగితాలు చూసే నాకు ఆ రెండు గంటలూ పండితురాలినన్న భ్రమ. పుస్తకం తెరిచేముందు అంకుల్ దీపం వెలిగించి సంకల్పం చెప్పిస్తాడు. వరసగా అందరూ గోత్రం చెప్పాలి.

నేను "కాశ్యపస" అంటాను. అది అబద్ధం. మా నాన్న ఎవరో నాకు తెలియదు. చిన్నప్పుడు గుడికి పంపుతూ అమ్మ నేర్పింది: "ఎవరైనా అడిగితే కాశ్యపస అను. తల దించకు." తల దించకుండానే నలభై ఏళ్లు గడిపాను. ఎక్కడ బయటపడుతుందోనన్న భయం మాత్రం పోలేదు.

ఆ వారం చదివిన కథలో తండ్రెవరో తెలియని కుర్రవాణ్ణి నిండు సభలో వెక్కిరిస్తారు. చివరి ఆశ్వాసంలో వాడు రాజుగారి బిడ్డేనని తేలుతుంది. వెక్కిరించినవాళ్లే కాళ్లు కడుగుతారు. ఆ కాలపు కథల్లో చాలావాటికి ఇదే వరస: పుట్టుకకు మచ్చ పెట్టడం, ఏ రాజునో దేవుణ్ణో పిలిచి తుడిపించడం. విన్నవాళ్లంతా హాయిగా ఊపిరి పీల్చుకున్నారు. నాకు ఒళ్లు మండింది.

బూన్ లే నుంచి ఒక షిప్‌యార్డు వెల్డరు వస్తాడు. శ్రీకాకుళం మనిషి, నా ఈడువాడే. పెద్దగా మాట్లాడడు. ఆ రోజు అడిగాడు.

"మరి ఆడి బాబు రాజు కాపోతేనో, అక్కా?"

"అప్పుడు కావ్యమే ఉండదు," అన్నాను. అందరూ నవ్వారు. అతను నవ్వలేదు.

ఆ ప్రశ్న వారమంతా నన్ను వదల్లేదు. మళ్లీ ఆదివారం నా వంతు రాగానే చెప్పేశాను. "నాకు గోత్రం తెలియదంకుల్. మా నాన్నెవరో తెలియదు. ఇన్నాళ్లూ అబద్ధం చెప్పాను." 

అంకుల్ అక్షతల పళ్లెం నా ముందుకు జరిపాడు.

"అబద్ధం ఏంటమ్మా? గోత్రం తెలియనోళ్లు కాశ్యపసే చెప్పుకోవాలి. రబ్బరు ఎస్టేట్‌లో మా తాత సగం మందికి అదే చెప్పించేవాడు లా."

అమ్మకు ఈ సంగతి తెలుసో లేదో. అడుగుదామంటే ఆవిడ లేదు.

పళ్లెం వెల్డరు ముందుకు వెళ్లింది. వచ్చిన మొదటి రోజు నుంచీ చెబుతున్న మాటే అతను మెల్లగా చెప్పాడు.

"కాశ్యపస."

పోయిన వారం అతనికి నేనిచ్చిన జవాబు గుర్తొచ్చింది. తల దించుకున్నాను.