మహలక్ష్మి టీచరు ఆపిన కొబ్బరికాయ

నిన్న పొద్దున మా దీవిలోని అబర్డీన్ బజార్‌లో కూరలు కొనుక్కుని బస్టాండు వైపు నడుస్తున్నాను. ఫెడేల్మని చప్పుడయింది, చల్లటి నీళ్ళు నా పాదాల మీద చిందాయి. చూద్దును కదా, మా ఆస్టినాబాద్ పేట చిన్నారావు! నా దగ్గర చదువుకున్నవాడే. కొత్త ఆటో కొన్నాడు. దానికి పసుపు రాసి, కుంకుమబొట్లు పెట్టి, బంతిపూల దండ వేసి, ముందు చక్రం దగ్గర కొబ్బరికాయ కొట్టాడు. పక్క టీకొట్టులో టీవీ మోగుతోంది. ఢిల్లీ నాయకుడెవరో పట్టుపంచె కట్టి గుళ్ళో హారతి కళ్ళకద్దుకుంటున్నాడు. "దేశాన్ని ఏలేవాడికి ఆమాత్రం భక్తి ఉండాలి" అన్నాడు టీకొట్టాయన. "భక్తి ఇంట్లో పెట్టుకోమను భయ్యా, ముందు రోడ్లు వెయ్యమను" అన్నాడు బెంచీ మీద కూర్చున్న ఇంకొకాయన. ఇద్దరూ నా వైపు తిరిగి "టీచర్ దీదీ, ఆప్ బోలో, మీరే చెప్పండి" అన్నారు. రిటైరై ఇన్నేళ్ళయినా నన్ను ఎవరూ వదలరు. బస్సు వస్తుందని తప్పించుకోబోయాను గానీ కాళ్ళు కదలలేదు. కొబ్బరినీళ్ళ వాసన, పసుపు వాసన, ఇంజిన్ పొగ వాసన మూడూ కలిసి వస్తే నాకు ఒక్క మనిషే గుర్తొస్తుంది. మా మహలక్ష్మి టీచరు.

మీరెవరూ ఆవిణ్ణి చూడలేదు. పొట్టిగా, చామనచాయగా ఉండేది. కోపం వచ్చినా నవ్వు వచ్చినా ముక్కుపుటాలు అదిరేవి, అందుకని ఏది వచ్చిందో తెలిసేదాకా మాకు ప్రాణాలు అరచేతిలో ఉండేవి. వాళ్ళది భీమిలి. స్వాతంత్ర్యం వచ్చిన కొత్తల్లో భర్తకి హార్బరు ఆఫీసులో గుమాస్తా ఉద్యోగం దొరికితే ఆయన వెంట ఓడెక్కి ఈ దీవులకి వచ్చింది. ఎక్కినప్పటి నుంచి దిగేదాకా వాంతులేనట. అయినా ఒక్క పూట కూడా దీపం మానలేదట. ఓడలో నిప్పు వెలిగించనివ్వరు గనక కళ్ళు మూసుకుని మనసులోనే వత్తి వేసి, నూనె పోసి, వెలిగించుకునేదాన్నని చెప్పేది. అంత భక్తురాలు. మా బడిలో సాంఘికశాస్త్రం చెప్పేది. గోల్ ఘర్ పేటలో వాళ్ళ ఇంటి వసారాలో పొద్దున్నే మాకు ట్యూషను కూడా చెప్పేది, డబ్బు ముట్టేది కాదు. మేం వెళ్ళేసరికి లోపల గంట మోగుతూ ఉండేది. గంట ఆగేది, దేవుడి గది తలుపు దగ్గరకి వేసిన చప్పుడయ్యేది, తడి చేతులు కొంగుకి తుడుచుకుంటూ ఆవిడ వచ్చేది. "దేవుడి పనయింది. ఇక దేశం పని చూద్దాం రండే" అనేది. ఆ తలుపు వేయడం ఏ రోజూ మరిచిపోలేదు.

మాది సిక్కోలు సముద్రతీరం. మా నాన్న పోలయ్య వేటకెళ్ళేవాడు. ఇక్కడికొచ్చాక మొయిద్దీన్ భయ్యా అనే మలబారు ఆయనతో పొత్తు కుదిరింది. ఇద్దరికీ కలిపి ఒక పాత నాటుపడవ ఉండేది. అది వేటకెళ్ళిన రోజులకంటే ఒడ్డున బోర్లా పడుకుని మరమ్మతు చేయించుకున్న రోజులే ఎక్కువ. "ఇంక సాలు, సిక్కోలెల్లిపోదాం" అని అమ్మ రోజూ పాట. నాన్న కూడా మెత్తబడుతున్నాడు. నాకు మాత్రం ఆ మాట వింటేనే గుండెల్లో రాయి పడేది. మా ఊళ్ళో ఆడపిల్లకి చదువు లేదు. టీచరు వసారా వదిలి వెళ్ళడమంటే నాకు చదువు అయిపోయినట్టే.

ఒక రోజు ట్యూషనులో రాజ్యాంగం పాఠం నడుస్తోంది. దేశాన్ని నడిపేవాళ్ళకి దైవభక్తి ఉండాలా అని మాలో మాకే గొడవ మొదలైంది. నేను గొంతు పెంచి వాదించాను, నాకప్పటి నుంచే ఆ జబ్బు ఉంది. దేవుడంటే భయమున్నవాడు తప్పు చెయ్యడు కాబట్టి భక్తుడే ఉండాలన్నాను. టీచరు ముక్కుపుటాలు అదిరాయి. "ఏమే రత్నం, మీ నాన్న పడవలో మొయిద్దీన్ ఉన్నాడు కదా. గాలివాన పట్టుకుంటే ఎవరి దేవుణ్ణి పిలుస్తారు?" అంది.

"ఎవరి దేవుణ్ణి వాళ్ళు పిలుచుకుంటారండి."

"మరి చుక్కాని?"

"అది నాన్నే పట్టుకుంటాడండి. భయ్యా నీళ్ళు తోడతాడు."

"పిలిచేటప్పుడు చుక్కాని వదిలేస్తాడా?"

"వదిలేస్తే ఇంకేముందండీ, మునిగిపోమూ!"

అందరూ నవ్వారు. నేను గెలిచానో ఓడానో ఆవిడ చెప్పలేదు. అలా మధ్యలో వదిలెయ్యడం ఆవిడకి అలవాటు, మాకు ఒళ్ళు మండేది.

ఆ ఏడాదే ఢిల్లీ నుంచి పెద్దాయన వస్తున్నాడని కబురొచ్చింది. కేంద్రంలో మంత్రి. గొప్ప భక్తుడని, పూజ కాకుండా పచ్చి మంచినీళ్ళు ముట్టడని చెప్పుకునేవారు. బెస్తవాళ్ళకి సర్కారు మోటారు పడవలు ఇస్తోంది, ఆయన చేతుల మీదుగా ఇస్తారట. మొదటి పడవ నాన్నకీ మొయిద్దీన్ భయ్యాకీ రాసిపెట్టారు. ఇంట్లో పండగే! అమ్మ సిక్కోలు పాట మానేసింది. తీరా నాలుగు రోజులుందనగా ఆఫీసరు ఒకాయన వచ్చి ఏర్పాట్లు చెప్పాడు. మేళం ఉంటుంది, ఫోటోలు తీస్తారు, పెద్దాయనే తన చేత్తో పడవకి కొబ్బరికాయ కొడతారు అన్నాడు. ఆ మాటతో అమ్మ మొహం నల్లబడిపోయింది.

ఎందుకో చెప్తాను. మా వాళ్ళలో కొత్త పడవకి మొదటి కొబ్బరికాయ అందులో వేటకెళ్ళేవాడే కొట్టాలి. కొట్టి ఎక్కాలి, కొంతదూరం వెళ్ళి తిరిగి రావాలి. అది గంగమ్మకి మొక్కు మాత్రమే కాదు, ఒడ్డున నిలబడ్డ ఆడవాళ్ళకి ఇచ్చే మాట కూడా. ఇలా వెళ్ళి అలా వస్తానని. కొట్టినవాడు ఎక్కకపోతే ఆ పడవ మాట తప్పిన పడవే, తర్వాత వంద కాయలు కొట్టినా అంతే. అమ్మ చిన్నప్పుడు వాళ్ళ ఊరి షావుకారు సరదాపడి ఒక పడవకి కొబ్బరికాయ కొట్టి, బండెక్కి ఇంటికెళ్ళిపోయాడట. ఆ పడవలో వెళ్ళిన మా మేనమామ తిరిగి రాలేదు. "ఆ పెద్దాయన కొడితే నా మనిషిని అందులో ఎక్కనివ్వను. పడవా వద్దు, ఏటీ వద్దు. వచ్చే ఓడకి ఎల్లిపోదాం" అంది అమ్మ. నాన్న తల పట్టుకుని కూర్చున్నాడు. సర్కారుకి ఎదురు చెప్పే ధైర్యం ఆయనకి లేదు, అమ్మకి ఎదురు చెప్పే ధైర్యం అసలే లేదు.

నేను ఏడుస్తూ గోల్ ఘర్ పరుగెత్తాను. పెద్దాయన హిందీ ఉపన్యాసాన్ని మా వాళ్ళకి తెలుగులో చెప్పే పని టీచరుకే అప్పజెప్పారు. అంతా విని, చెప్పులు వేసుకుని, నన్ను వెంటబెట్టుకుని ఆ ఆఫీసరు దగ్గరికి వెళ్ళింది. ఆయన నవ్వాడు. చెడ్డవాడేం కాదు. సముద్రం అవతలి ఒడ్డు నుంచి కొత్తగా వచ్చాడు, అక్కడ ఏది మొదలుపెట్టినా అతిథి చేతే కొట్టిస్తారు గనక ఇక్కడా అంతే అనుకున్నాడు. "అంత భక్తుడి చేతి కొబ్బరికాయ కంటే శుభం ఇంకేముంటుందమ్మా? ఆయనకి వద్దని చెప్పడానికి నాకు ధైర్యం చాలదు" అన్నాడు. టీచరు పట్టు వదలకపోయేసరికి ఆయనకీ విసుగొచ్చింది. ఎక్కడో దూరాన ఉన్న కార్ నికోబార్ దీవిలో టీచర్ల ఖాళీలున్నాయని గుర్తుచేశాడు. తిరిగొచ్చాక వాళ్ళ గుమ్మం దగ్గర "మీ నాన్నని మంచి కొబ్బరికాయ ఒకటి చూసి ఉంచమను" అంది.

ఆ రోజు రానే వచ్చింది. రేవంతా జనం. పెద్దాయన తెల్లటి బట్టల్లో, నుదుట గంధంతో, నిజంగానే చూడముచ్చటగా ఉన్నాడు. ఆడవాళ్ళు ఒక పక్కగా నిలబడ్డారు, వాళ్ళ ముందు మా అమ్మ బిగుసుకుపోయి ఉంది. పళ్ళెంలోంచి కొబ్బరికాయ తీసుకుని, కళ్ళు మూసుకుని ఏదో శ్లోకం చదివి, ఆయన చెయ్యెత్తాడు. మేళం ఊపందుకుంది. అప్పుడు మా టీచరు రెండడుగులు ముందుకు వేసింది. వెనక్కి పెట్టుకున్న చేతిలో కొంగు చివర మెలికలు తిరిగిపోవడం నేను చూశాను.

"బాబూజీ, ఒక్క మాట" అంది హిందీలో. మేళం ఆగింది. ఆఫీసరు మొహంలో రక్తం లేదు. "ఈ కొబ్బరికాయ కొట్టినవాళ్ళు ఈ పడవెక్కాలండి. లైట్‌హౌస్ దాకా వెళ్ళి రావాలి."

పెద్దాయన చెయ్యి దించాడు. "నేను రోజూ పూజ చేసేవాణ్ణమ్మా" అన్నాడు, కొంచెం నొచ్చుకున్నట్టుగానే.

"నేనూ చేస్తానండి. నా పూజా మీ పూజా ఎవరింట్లో వాళ్ళవి. ఇది పూజ ఒక్కటే కాదండి, అదిగో, ఆ నిలబడ్డ ఆడవాళ్ళకి ఇచ్చే మాట."

ఆయన ఆడవాళ్ళ వైపు చూశాడు. తర్వాత సముద్రం వైపు చూశాడు, ఆ రోజు కెరటాలు కాస్త లేచే ఉన్నాయి. అప్పుడాయన గొంతు తగ్గించి, "అమ్మా, నాకు నీళ్ళంటే చచ్చేంత భయం. ఓడలో వచ్చిన దారంతా జపం చేస్తూనే ఉన్నాను" అన్నాడు. టీచరు ముక్కుపుటాలు అదిరాయి. ఈసారి నవ్వే! "నేనూ అంతేనండి" అంది.

ఆయన కూడా నవ్వేశాడు. "ఎక్కేదెవరు?" అని అడిగి, నాన్నని పిలిచి, కొబ్బరికాయ ఆయన చేతుల్లో పెట్టాడు. "మరి నేనెక్కడ నిలబడాలి?" అన్నాడు.

"ఎక్కనివాళ్ళు ఆడవాళ్ళ పక్కన నిలబడతారండి. పడవ తిరిగొచ్చేదాకా."

నాన్న కొబ్బరికాయ కొట్టాడు. "బిస్మిల్లా" అంటూ మొయిద్దీన్ భయ్యా ఇంజిన్ తిప్పాడు. ఆ పొగ, ఆ కొబ్బరినీళ్ళు, పడవ ముక్కుకి రాసిన పసుపు కలిసి ఇప్పటికీ నా ముక్కులో ఉన్నాయి. పడవ వెళ్ళిపోయింది. పెద్దాయన మా అమ్మ పక్కకి వచ్చి నిలబడ్డాడు. ఎండ మాడ్చేస్తోంది. అధికారులు వచ్చి వచ్చి చెవిలో ఏదో చెబుతున్నారు, భోజనాల వేళ దాటిపోయింది, ఇంకెక్కడికో వెళ్ళాలట. గొడుగు పట్టబోతే వద్దన్నాడు, ఆడవాళ్ళకి లేదు కదా అని. పడవ చిన్నదై, కెరటాల వెనక కాసేపు కనబడకుండా పోయింది. ఆయన పెదవులు కదులుతూనే ఉన్నాయి. ఏ దేవుణ్ణి పిలిచాడో మాకెవరికీ వినబడలేదు. ఆయన కంగారు చూడలేక మా అమ్మ, అంతవరకూ పెద్దవాళ్ళ ఎదుట నోరెత్తని మా అమ్మ, తనకొచ్చిన రెండు ముక్కల హిందీలో ధైర్యం చెప్పింది. "డరో మత్ బాబూ, ఆ జాయేగా." భయపడకు, వచ్చేస్తాడు అని. చెప్పాక ఓలమ్మో అని నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఆయన చిన్నపిల్లాడిలా తలూపాడు. పడవ తిరిగొచ్చాక అంత నీళ్ళభయం ఉన్న ఆయనే మోకాళ్ళ దాకా దిగి తాడు అందుకున్నాడు, పంచె అంతా తడిసింది. నాకు ఏడుపొచ్చింది, సంతోషంతోనే. ఆ సాయంత్రం అమ్మ వంట చేస్తూ కూనిరాగం తీసింది. సిక్కోలు మాట మళ్ళీ ఎత్తలేదు.

టీచరు మాత్రం కార్ నికోబార్ బదిలీ ఉత్తర్వు తప్పదనుకుని ట్రంకు పెట్టె సర్ది గుమ్మం పక్కనే పెట్టుకుంది. ఎన్నాళ్ళకీ ఏ ఉత్తర్వూ రాలేదు. చివరికి "దండగ పని చేశానే, మంచి చీరలన్నీ అడుగున పడిపోయాయి" అంటూ విప్పింది. నేను సాయం చేస్తూ ఉండబట్టలేక అడిగాను. "టీచర్, ఆయన భక్తుడు కాబట్టే కదండీ అంతసేపు నిలబడ్డాడు? అంటే నా వాదనే గెలిచినట్టు కదా?"

"భక్తి ఉంది కాబట్టి నిలబడ్డాడని నువ్వంటావు. భక్తి లేకపోయినా మనుషులంటే గౌరవం ఉన్నవాడైతే నిలబడేవాడేనని ఇంకొకరంటారు. ఆయన లోపలి సంగతి ఆయనకీ ఆయన దేవుడికీ తెలుసు. మనకి కనబడింది నిలబడటం ఒక్కటే. మనం దాన్నే చూద్దాం" అని, మడత పెట్టిన చీర నా చేతిలో పెట్టింది. నా మెట్రిక్ పరీక్షకి కట్టుకోమని ఇచ్చిన చీర అది.

తర్వాత నేనూ అదే బడిలో అదే పాఠం చెప్పాను. ఆవిడ పోయినప్పుడు రేవులో ఒక్క పడవ కూడా వేటకి కదల్లేదు. మొయిద్దీన్ భయ్యా వీధి చివర నిలబడి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. మా వాళ్ళలో, పెద్దాయన రేవులో నిలబడ్డ రోజు నుంచి, ఒక కొత్త ఆచారం కూడా చేరింది. ఎంత పెద్ద అతిథి వచ్చినా సరే, కొత్త పడవ తిరిగొచ్చేదాకా ఆడవాళ్ళ పక్కన నిలబడాల్సిందే. పూజలు చేసేవాళ్ళూ నిలబడ్డారు, దేవుడే లేడనేవాళ్ళూ నిలబడ్డారు, వాచీ చూసుకుని మధ్యలో వెళ్ళిపోయినవాళ్ళు రెండు రకాల్లోనూ ఉన్నారు. ఓట్లొచ్చినప్పుడు మా అమ్మ బతికున్నన్నాళ్ళూ "ఆడు రేవులో నిలబడ్డాడా?" అని ఒక్క మాటే అడిగేది.

"క్యా దీదీ, జవాబు చెప్పలేదు?" అన్నాడు టీకొట్టాయన. టీవీలో నాయకుడు ఇంకా గుళ్ళోనే ఉన్నాడు. "గుళ్ళో నిలబడితే చూశాం కదా నాయనా. ఒడ్డున కూడా నిలబడితే చూసి చెప్తాను" అన్నాను. వాళ్ళకేం అర్థమయిందో గానీ టీకొట్టాయన టీ మాత్రం ఊరికే ఇచ్చాడు. ఈలోగా చిన్నారావు ఆటో స్టార్ట్ చేశాడు. "గడియార స్తంభం చుట్టూ ఒక రౌండు కొట్టి వస్తాను, ఎక్కండి దీదీ" అన్నాడు. "నువ్వెళ్ళి రా, నేనిక్కడుంటాను" అన్నాను. వాడు జనంలో కలిసిపోయాడు. కూరల సంచీ కాళ్ళ దగ్గర పెట్టుకుని, వాడు వెళ్ళిన వైపే చూస్తూ నిలబడ్డాను. నా పెదవులు వాటంతటవే కదులుతున్నాయి.

"దీదీ, మీ బస్సు వెళ్ళిపోతోంది!" అని అరిచాడు టీకొట్టాయన.

"పోనీ. ముందు వాణ్ణి తిరిగి రానీ" అన్నాను.