తెర అంచున ఇల్లు

ఏలూరులో నాటకాలకు బొమ్మల తెరలు గీసే దేవసహాయం పని మధ్యలో కుడి భుజం పట్టుకుని కూలబడుతుంటాడు. కోట గీసినా, అడవి గీసినా, అడుగున ఒక పూరిల్లూ గుమ్మానికి కట్టిన దోనె పడవా పెడతాడు. కొల్లేటి వరదలో పోయిన తమ లంక ఇల్లు అది. మొన్న నాటకానికి తల్లి కృపమ్మను తీసుకొచ్చి ముందు చాప మీద కూర్చోబెట్టాడు. గంట కొట్టగానే తెర కిందనుంచి చుట్టుకుంటూ లేచింది. ముందు దోనె, తర్వాత గుమ్మం, ఆపైన చూరు మాయమయ్యాయి.

"నీళ్ళొచ్చేత్తన్నాయిరా! పిల్లల్ని అటకెక్కించండి!" అని ముసలమ్మ కేకేసింది. జనం నవ్వారు.

మర్నాడు దేవసహాయం రొప్పుతూ నిచ్చెనెక్కి, ఇంటిని తెర పైఅంచున, మబ్బుల్లో గీశాడు.

"ఏవండీ, ఆకాశంలో పూరిల్లేంటండీ?" అన్నాడు నాటకాల కంపెనీ యజమాని.

భుజం నొక్కుకుంటూ దేవసహాయం అన్నాడు: "అంతెత్తుకి నీళ్ళు రావండీ."